బొమ్మకి తొడిగిన కోటు

టైలరక్క మొదట చూసింది డిటెక్టివ్ నకలు ముఖాన్ని కాదు, అతని చొక్కా రెండో గుండీని. దానికి దారం లేదు. స్టాప్లర్ పిన్ను ఉంది.

"ఎవరు కుట్టారు తమ్ముడూ దీన్ని?"

"మా అత్తగారు."

టైలరక్క, ఆలస్యంగా తీసుకొచ్చిన రోగిని చూసిన డాక్టరులా ఒక నిట్టూర్పు విడిచింది. నకలు సంజాయిషీ చెప్పుకున్నాడు. అత్తగారు జన్మలో సూది ముట్టలేదు. ఇంట్లో ఏది ఊడినా, గుండీ అయినా కర్టెనైనా పుస్తకం అట్టయినా, ఆవిడ స్టాప్లర్ తీస్తుంది. తన భార్య చెవులకి మామూలు కమ్మలే ఉన్నాయంటే అది కేవలం అదృష్టమని అతని నమ్మకం. ఈ రోజు పొద్దున్న కూడా ఆవిడ ఫోనులో అక్షరాలు పెద్దవి చేసి పెట్టే హడావుడిలో ఏ చొక్కా తొడుక్కున్నాడో చూసుకోలేదు. ఇప్పుడు ఆ ఫోను తెర మీద నాలుగు అక్షరాలే పడుతున్నాయి. ఎవరైనా "శుభాకాంక్షలు" అని పంపితే ఆవిడ రెండు విడతల్లో అందుకుంటుంది.

అప్పుడు టైము రెండూ ఇరవై. సరిగ్గా అయిదింటికి టైలరక్క దుకాణం శాశ్వతంగా మూతపడబోతోంది.

దుకాణం ఉన్నది ఈ గదిలో కాదు. ఈ గదిలో ఉన్నవి ముసుగేసిన రెండు కుట్టుమిషన్లు, సుద్దముక్కల డబ్బా, మేకుకి వేలాడుతున్న పెద్ద కత్తెర. ఆ కత్తెర మేకు దిగి మూడేళ్ళయింది. టైలరక్క వేళ్ళ కణుపులు అల్లం కొమ్ముల్లా వాచిపోయాయి. గుడ్డ కత్తిరించడం మాట అటుంచి, గ్లాసు పట్టుకోవాలన్నా రెండు చేతులూ కావాలి. ఆవిడ దుకాణం "అవతలి ఊరు"లో ఉంది. కళ్ళకి హెడ్‌సెట్, చేతులకి పల్చటి గ్లౌజులు తొడుక్కుంటే వెళ్ళగలిగే ఊరు అది. అక్కడ కత్తెరకి బరువుండదు, వేళ్ళకి నొప్పుండదు. జనాభా అయిదు కోట్లు. అందరూ ఎగరగలరు, అయినా ట్రాఫిక్ జామ్ తప్పదు. గద్ద తలతో తిరిగేవాళ్ళయినా, అచ్చం బీరువాలా కనిపించేవాళ్ళయినా, ఒంటి మీద మంచి బట్ట కావాలంటే టైలరక్క దగ్గరికే వచ్చేవాళ్ళు. బీరువాకి కోటు కుట్టడం ఎంత కష్టమో ఆవిడ చెబితే వినాలి.

నాలుగు నెలల కిందట ఆ వీధిలోనే "మెరుపు" అని ఇంకో బట్టల దుకాణం వెలిసింది. అప్పటినుంచి టైలరక్క ఏది కుట్టినా అదే బట్ట, అదే రంగు, అదే మడత ముందు మెరుపులో కనిపించేది. ఆవిడ అరల్లోకి ఆ తర్వాత వచ్చేది. ముప్పై ఒక్క బట్టలు అలా పోయాయి. చివరికి మెరుపువాళ్ళే ఎదురు ఫిర్యాదు పెట్టారు, మా సరుకుని ఈవిడ దొంగిలిస్తోందని. ఈ రోజు పొద్దున్న కంపెనీ ఆవిడ దుకాణానికి సీలు వేసింది.

"ఆ ఊళ్ళోకే రానివ్వరంట తమ్ముడూ," అంది టైలరక్క. గొంతు పెంచలేదు. "ఇక్కడ చేతులు రావు. అక్కడ కూడా కుట్టకపోతే నేనింక టైలర్ని ఎలా అవుతాను?"

 నకలు దగ్గర ఉన్నది ఒక పాత పాపం. ఇరవయ్యేళ్ళ కిందట, మీసం కూడా సరిగా రాని వయసులో, అతనూ ఒక స్నేహితుడూ కలిసి గేముల డిస్కులకి నకళ్ళు తీసేవాళ్ళు. స్నేహితుడి ఇంట్లో వంటగది పక్కనున్న కొట్టుగది వాళ్ళ ఫ్యాక్టరీ. ఆ ఇంట్లోనే స్నేహితుడి అక్క అతనికి నచ్చింది, తర్వాత భార్య అయింది. స్నేహితుడు బావమరిది అయ్యాడు. గుమ్మంలో కూర్చుని కూరగాయలు తరుగుతూ, వీళ్ళకి చదువెప్పుడు అబ్బుతుందోనని విచారిస్తూ, మధ్యమధ్య నిమిషాలు లెక్కపెట్టి మోగే వంటింటి గంటకి కీ ఇస్తూ ఉండే స్నేహితుడి తల్లి అత్తగారు అయింది. నకలు అన్న పేరు కూడా ఆ కొట్టుగదిదే. అసలు పేరు ఎక్కడైనా రాయాల్సి వస్తే భార్యకి ఫోన్ చేసి కనుక్కుంటాడు.

అప్పటినుంచి దొంగతనం ఎదగడాన్ని అతను దగ్గరుండి చూశాడు, పక్కింటి పిల్లాడు ఎదుగుతుంటే చూసినట్టు. మొదట డిస్కులు. తర్వాత డిస్కులే లేకుండా పోయి, గేములన్నీ ఆన్‌లైన్లో పెద్ద పెద్ద ఊళ్ళైపోయాయి. దొంగలు కూడా సామాను సర్దుకుని అక్కడికే మారిపోయారు. తెర మీద కనబడేదాన్ని కనబడినట్టు గుంజుకునే ప్రోగ్రాములు వచ్చాయి. ఆపైన వస్తువుల్ని వదిలేసి, మనుషుల పాస్‌వర్డులే ఎత్తుకుపోవడం వచ్చింది. ప్రతి మెట్టు దగ్గరా నకలు, ఇంతకంటే ఇంకేం ఎదుగుతుందిలే అనుకున్నాడు. ప్రతిసారీ అది ఎదిగింది. ఎదగనిది తనొక్కడేనని తెలుసుకుని డిటెక్టివ్ అయ్యాడు.

అతను ప్రశ్నలు మొదలుపెట్టాడు. పాస్‌వర్డు ఎవరికైనా చెప్పిందా అంటే, అసలు అలాంటిదేమీ లేదనీ, గ్లౌజులు వేలిముద్ర చూసి తెరుస్తాయనీ చెప్పింది. దుకాణం వెనక గదిలోకి ఇంకెవరూ రారంది. బట్ట కుట్టడం అయిపోయాక ఏం చేస్తుందని అడిగితే మాత్రం కొంచెం సిగ్గుపడింది.

"వేలాడదీస్తాను."

"ఎందుకక్కా?"

"గుడ్డ వాలాలి కదా. కాసేపు వేలాడితే దాని బరువుకి అదే సాగుతుంది. అప్పుడు అంచు సరిచూసి పంపాలి. మా గురువు అలా నేర్పింది."

అవతలి ఊళ్ళో గుడ్డకి బరువే లేదు కదా అన్నాడు నకలు. లేదని ఆవిడ ఒప్పుకుంది. బరువు లేకపోతే సాగదు కదా అన్నాడు. సాగదని కూడా ఒప్పుకుంది. చేతులు ఊరుకోవట. అందుకని ప్రతి బట్టనీ వెనక గదిలో ఉన్న బొమ్మకి తొడిగి, హెడ్‌సెట్ తీసేసి, ఇక్కడ టీ పెట్టుకుని తాగి, గ్లాసు కడిగి బోర్లించి, అప్పుడు మళ్ళీ వెళ్ళి బట్టని అరలో పెడుతుంది. టీ మరీ వేడిగా ఉన్న రోజు బట్ట ఎక్కువసేపు వేలాడుతుంది. బొమ్మకి తొడిగిన టైము మాత్రం పాత కొలతల పుస్తకంలో పెన్సిలుతో రాసుకుంటుంది. నకలు ఆ పుస్తకం అడిగి తీసుకున్నాడు.

తర్వాత తన ఫోనులో ఒక ఫోటో చూపించాడు. నిన్న ఆవిడ ఫోన్ చేసి చెప్పగానే మెరుపులో కొన్న నీలం గౌను, లోపలి వైపు తిరగేసి తీసింది. కుట్టు పక్కన, లోపలికి, రెండు వేళ్ళ వెడల్పున గుడ్డ మడిచి ఉంది.

"ఏంటక్కా ఇది?"

"నాదే," అంది ఆవిడ ఫోటో పూర్తిగా చూడకుండానే. "రేపు ఒళ్ళు చేస్తే కుట్టు విప్పి లూజు చెయ్యాలి కదా. దానికోసం వదులుతాం."

"ఆ ఊళ్ళో ఎవరూ ఒళ్ళు చెయ్యరు."

"చెయ్యరు. అలాగని గుడ్డ వదలకుండా కుట్టేస్తామా?" అంది, అతనేదో బూతు మాట అన్నట్టు చూసి.

మూడూ అయిదుకి తలుపు మీద మూడు దెబ్బలు పడ్డాయి. మూడింటి మధ్యా ఎడం కొలిచినట్టు సమానం. అలా తలుపు కొట్టేవాడు భూమ్మీద ఒక్కడే. బావమరిది లోపలికి వచ్చాడు. అవతలి ఊరిని నడిపే కంపెనీలో భద్రతా విభాగానికి అతను పెద్ద. చిన్నప్పుడు డిస్కుల కొట్టుగదిలో పట్టుబడతామని వణికిన వణుకు అతన్ని తిన్నగా నియమాల ఒళ్ళో పడేసింది. ఇంటికి నిప్పంటుకుంటే ముందు ఫారం నింపి, రసీదు తీసుకుని, ఆ తర్వాతే అరిచే మనిషి. చెప్పులు ఏ దిక్కుకి విప్పాలో కూడా రాసిపెట్టిన ఆ ఇంట్లో కన్నతల్లే ఉండలేక, కూతురింటికి, అంటే నకలు ఇంటికి వచ్చేసింది. ఖాతా మూసేముందు యజమానిని స్వయంగా కలిసి సంతకం తీసుకోవాలన్నది ఇరవై ఆరో నియమం. అందుకే వచ్చాడు.

"నువ్వెందుకున్నావు బావా ఇక్కడ?"

"టీ తాగుదామని."

"టీకి భూతద్దం దేనికి?"

"చక్కెర వేశారో లేదో చూద్దామని."

బావమరిది కాగితాలు బల్ల మీద పరిచాడు. ముప్పై ఒక్క బట్టలు, ప్రతిదానికీ రెండు టైములు. ఒకసారి తొమ్మిది నిమిషాలు, ఒకసారి పద్నాలుగు, ఒకసారి ఏడు, ఎప్పుడు చూసినా మెరుపే ముందు. ముందు పెట్టినవాడిది సరుకు, తర్వాత పెట్టినవాడిది దొంగతనం, ఇందులో ఆలోచించడానికేమీ లేదన్నాడు. నకలు లోపలి మడత సంగతి చెప్పాడు. తెర మీద కనబడేది గుంజుకుంటే పైపైన ఉన్నదే వస్తుంది, లోపల మడిచిన గుడ్డ రాదు. అది కూడా వచ్చిందంటే, బట్ట మీద పూర్తి హక్కు ఎవరో చేజిక్కించుకున్నారు.

"అదే నేనూ అంటున్నా," అన్నాడు బావమరిది. "ఆ ఎవరో ఈవిడే."

"కుట్టినవాడికి ఆ మడత ఎందుకో తెలిసుంటుంది. పోయి అడుగుదాం రా."

భద్రతాధికారి ఫిర్యాదుదారుతో మాట్లాడకూడదు గానీ, కనిపించకుండా వెంట నిలబడి వినొచ్చని ఏదో ఒక నియమంలో ఉంది. బావమరిది ఆ నియమం నంబరు గుర్తొచ్చేదాకా కదల్లేదు. మూడూ నలభైకి ఇద్దరూ హెడ్‌సెట్లు తగిలించుకున్నారు.

మెరుపు దుకాణం బోర్డు చాలా పెద్దది. అక్షరాలు ఎంత పెద్దవంటే, "మె" ముందు గోడకీ, "రు" పక్క గోడకీ సరిపోయి, "పు" దుకాణం వెనక్కి వెళ్ళి చూసేవాళ్ళకే దొరుకుతుంది. చాలామంది ఖాతాదారులు దాని పేరు "మె" అనే అనుకుంటున్నారు. లోపల యజమాని మీసాలాయన నిలబడి ఉన్నాడు. ఆ మీసం వెడల్పుకి దుకాణంలోకి వచ్చేవాళ్ళు వంగి రావాలి. గొంతు గంభీరంగా ఉంది, యంత్రంలో దూరి వచ్చిన గొంతు. దాని వెనక ఎక్కడో టక్ టక్ టక్ మని సన్నటి చప్పుడు. టైపు చేస్తూ మాట్లాడుతున్నాడు కాబోలు అనుకున్నాడు నకలు.

అవతలి ఊళ్ళో నకలు ఒంటి మీద ఎప్పుడూ ఒక గోధుమరంగు పొడుగు కోటు ఉంటుంది. తొమ్మిది జేబులు, మూడోది చిరిగింది. ఆ కోటు మీదే నిన్న కొన్న నీలం గౌను తొడుక్కుని అద్దం ముందు నిలబడ్డాడు. నీకోసమే పుట్టింది బాబూ ఈ గౌను అన్నాడు మీసాలాయన. చంకల్లో బిగుతుగా ఉంది, కాస్త లూజు చేసిపెట్టమన్నాడు నకలు.

"దానిదేముంది బాబూ."

మీసాలాయన చెయ్యి ఊపాడు. గౌను మొత్తం పెద్దదయింది. చంకలు లూజయ్యాయి, నిజమే. దాంతోపాటు గుండీలు పళ్ళేలంత అయ్యాయి, చేతులు రోడ్డు దాటి ఎదురు దుకాణంలోకి వెళ్ళాయి, ఆ దారిన ఎగిరిపోతున్న ఒకాయన కాలరులో చిక్కుకున్నాడు. ఒక గుండీ ఊడి దొర్లుకుంటూ వీధిలోకి పోయింది.

"పరవాలేదు, పిన్ను కొట్టిస్తా," అన్నాడు మీసాలాయన.

నకలు గౌను అంచు తిరగేసి లోపలి మడత చూపించాడు. ఇదేమిటని అడిగాడు.

"అదా, తయారీలో మిగిలిపోయిన చెత్త బాబూ. అన్నిటికీ వస్తుంది. కావాలంటే పీకేస్తా."

నకలుకి ఎక్కడో లోపల దురద పుట్టింది. వచ్చినట్టే వచ్చి రాని తుమ్ములాంటిది. ఏమిటో అందలేదు. కాలరులో చిక్కుకున్నాయన్ని విడిపించి బయటికి వచ్చాడు.

బావమరిది మాత్రం కరగలేదు. కుట్టడం రానివాడు బట్టలు అమ్మకూడదని ఏ నియమంలోనూ లేదన్నాడు. లోపల పనివాళ్ళుండొచ్చు.

"నీకు అనుమానం రాలేదా?"

"వచ్చింది. అనుమానానికి ఫారం లేదు."

నాలుగూ పది. టైలరక్క గదిలో నకలు రెండు కాగితాలు పక్కపక్కన పెట్టుకుని కూర్చున్నాడు. ఒకటి బావమరిది జాబితా, ఇంకోటి పెన్సిలు రాతల కొలతల పుస్తకం. బావమరిది చూసింది మెరుపు టైముకీ టైలరక్క అరలో పెట్టిన టైముకీ మధ్య తేడా. అది ఆ రోజు టీ ఎంత వేడిగా ఉందన్నదాన్ని బట్టి మారుతోంది. నకలు చూసింది బొమ్మకి తొడిగిన టైము. రెండూ నాలుగుకి తొడిగింది, రెండూ పదిహేనుకి మెరుపులో ఉంది. పదీ ముప్పైకి తొడిగింది, పదీ నలభై ఒకటికి మెరుపులో ఉంది. వేలితో కిందిదాకా వెళ్ళాడు. ముప్పై ఒక్కసార్లూ పదకొండే. ఒక్కటి పది లేదు, ఒక్కటి పన్నెండు లేదు.

"చూశావా? ఈవిడ టీ తాగుతున్నప్పుడు బట్ట ఆ గదిలోంచి వెళ్ళిపోతోంది."

బావమరిది తనూ వేలు పెట్టి ఆ టైములన్నీ మళ్ళీ లెక్కేశాడు. తర్వాత ఆ గది చూడాల్సిందే అన్నాడు. అయితే చిక్కుంది. సీలు వేసినవాడే సీలు తియ్యకూడదు, నలభై మూడో నియమం. యజమాని కూడా తియ్యకూడదు. మూడో మనిషి తియ్యాలి. మళ్ళీ హెడ్‌సెట్లు తగిలించుకుని అవతలి ఊళ్ళో దుకాణం ముందు నిలబడ్డాక, అతి బాధగా, పసిపిల్లని అప్పగిస్తున్నట్టు, తనిఖీ తాళంచెవిని నకలు చేతిలో పెట్టాడు. అవతలి ఊళ్ళో ఏ తలుపైనా, ఏ సీలైనా, ఎవరి ఖాతా అయినా దాంతో తెరుచుకుంటుంది.

"జాగ్రత్త బావా. ఊరంతటికీ ఒక్కటే ఉంది."

"నాకిచ్చినవి ఎప్పుడైనా పోయాయా?"

బావమరిది జాబితా చెప్పడానికి నోరు తెరిచి, టైము చాలదని మూసుకున్నాడు.

నాలుగూ ఇరవై అయిదుకి సీలు విడిపోయింది. నకలు తలుపు తోసి, రోజూ ఇంటి తాళంచెవి పడేసుకున్నట్టే దాన్ని కోటు కుడి జేబులో పడేసుకుని లోపలికి నడిచాడు. చిన్న గది. కత్తిరించే బల్ల, దాని మీద ఎవరికీ అక్కర్లేని సుద్దముక్కలు, బోర్లించిన టీ గ్లాసు. అక్కడ ఎవరూ టీ తాగలేరు, అయినా గ్లాసుంది. గది మధ్యలో బట్టలు తొడిగే బొమ్మ. దాని ఛాతీ మీద "ఉత్తమ దుకాణం బహుమతి" అని రాసుంది. ఆ రాత ఛాతీ మీద మొదలై మోకాళ్ళ దగ్గర ముగిసింది. నాలుగున్నర నెలల కిందట కంపెనీ నుంచి వచ్చిందట, ఈ దుకాణానికే కాదు, ఊళ్ళో నాలుగొందల పన్నెండు దుకాణాలకి.

నకలు బొమ్మ చుట్టూ రెండుసార్లు తిరిగాడు. ఆ ఊళ్ళో బొమ్మకి బట్ట తొడగాలంటే ఆ బట్ట మీద పూర్తి హక్కు దానికివ్వాలి. లేకపోతే తొడుక్కోదు.

"దొంగతనం ఇంకో మెట్టెక్కింది," అన్నాడు మెల్లగా. "ఇప్పుడు దొంగ రాడు. బహుమతి పంపిస్తాడు. మనమే తొడిగి, మనమే సరే నొక్కి, టీ తాగడానికి వెళ్ళిపోతాం."

కంపెనీ బహుమతిని అంత మాట అనేసరికి బావమరిదికి పౌరుషం వచ్చింది. బొమ్మని ఎవరు చేశారో చూపించే చిట్టా అక్కడికక్కడే తెరిచాడు. చదివాడు. మళ్ళీ చదివాడు. చేసింది భద్రతా విభాగం. చేసినవాడి పేరు అతనిదే. ఒక ఆదివారం, మధ్యాహ్నం రెండూ పది నుంచి రెండూ యాభై దాకా.

"ఆ ఆదివారం నేను మీ ఇంట్లో ఉన్నాను బావా." అన్నాడు బావమరిది. "భోంచేసి సోఫాలో పడుకున్నా. గ్లౌజులు చార్జింగుకి పెట్టా."

"తీసేశాక కూడా అవి నీ వేలిముద్రని ఎంతసేపు గుర్తుంచుకుంటాయి?"

"గంట."

"నేనూ పడుకున్నాను. మీ అక్కకి ఆ రోజు ఆసుపత్రిలో డ్యూటీ. ఇంకెవరున్నారు?"

"ఎవరూ లేరు," అన్నాడు బావమరిది. "అమ్మ తప్ప."

ఇద్దరూ ఆ సంగతిని అంతటితో వదిలేశారు. ఫోను మోగితే దాన్ని దిండు కింద పెట్టి ఎవరైనా వచ్చేదాకా ఎదురుచూసే మనిషి ఆవిడ.

అప్పటికి నాలుగూ నలభై. చిట్టాని ఎవరైనా మార్చి ఉండొచ్చు కాబట్టి అది సాక్ష్యం కాదన్నాడు బావమరిది. పాపం, ఈసారి ఆ మాట అతనికే ఊరటగా ఉన్నట్టుంది. దొంగతనం జరుగుతుంటే అధికారి కళ్ళారా చూస్తే తప్ప, అయిదింటికి తాళం దానంతటదే పడిపోతుంది. తొమ్మిదో నియమం.

"అయితే చూడు," అని నకలు కోటు విప్పాడు.

కోటు కింద శరీరం గీయించుకోవడానికి అతను ఎప్పుడూ బద్ధకించాడు. కోటు తీశాక నకలు అంటే గాల్లో తేలుతున్న ఒక తల, రెండు చేతులు. ఆ చేతులు కోటుని బొమ్మకి తొడిగాయి. బొమ్మ పెద్ద పెద్ద అక్షరాలతో ఏదో అడిగింది. పుట్టి బుద్ధెరిగాక నకలు అలాంటివి ఒక్కటీ చదివింది లేదు. సరే నొక్కాడు. టైము నాలుగూ నలభై రెండు.

హెడ్‌సెట్లు తీసి గదిలోకి వచ్చారు. టైలరక్క రెండు చేతులతో గ్లాసులు ఒక్కొక్కటే తెచ్చి పెట్టింది. ముగ్గురూ టీ తాగారు. ఆవిడ గోడ గడియారం వైపు ఒక్కసారి కూడా చూడలేదు. గ్లాసులు కడిగి బోర్లించింది. నాలుగూ యాభై ఒకటికి తల, చేతులు, కనిపించని బావమరిది కలిసి మెరుపు దుకాణంలో అర ముందు నిలబడ్డారు. అర ఖాళీగా ఉంది. నాలుగూ యాభై రెండుకి కూడా ఖాళీగానే ఉంది. యాభై మూడుకి దాని మీద గోధుమరంగు పొడుగు కోటు ప్రత్యక్షమైంది. తొమ్మిది జేబులు. మూడోది చిరిగింది.

బావమరిది తన జీవితంలో అంత వేగంగా ఫారం నింపలేదు. నాలుగూ యాభై ఏడుకి టైలరక్క మీద ఫిర్యాదు రద్దయింది, సీలు పోయింది. ఇద్దరూ హెడ్‌సెట్లు తీశాక అతను లేచి నిలబడి, సంతకం కోసం తెచ్చిన కాగితాన్ని నాలుగు ముక్కలు చేసి, క్షమించమని అడిగాడు. దానికి ఏ నియమమూ అక్కర్లేకపోయింది. టైలరక్క వాచిన వేళ్ళని ఒక్కొక్కటిగా గ్లౌజుల్లోకి దూర్చుకుంది. హెడ్‌సెట్ తగిలించుకునే ముందు నకలు వైపు తిరిగింది.

"ఆ చొక్కా విప్పి ఇక్కడ పెట్టి వెళ్ళు తమ్ముడూ. ఎవరిచేతైనా కుట్టించి పంపుతా. అలా తిరక్కు."

ఆవిడ తన దుకాణంలోకి వెళ్ళిపోయింది. బావమరిది కాగితాలు సర్దుకుంటూ, ఒక్కటి మాత్రం అర్థం కాలేదన్నాడు. బొమ్మ కాపీ తియ్యడానికి రెప్పపాటు చాలు. మరి ప్రతిసారీ పదకొండు నిమిషాలు ఆగడం దేనికి?

నకలు జవాబు చెప్పబోయి ఆగిపోయాడు. ఇందాకటి తుమ్ము ఇప్పుడు వచ్చింది.

కొట్టుగదిలో ఒక్కో డిస్కుకి నకలు తియ్యడానికి పట్టే టైము పదకొండు నిమిషాలు. ఆ పాత యంత్రం పని అయిపోయిందని చెప్పేది కాదు. ముందే తీస్తే డిస్కు పాడయ్యేది. అందుకని గుమ్మంలో కూర్చున్న ఆవిడ వంటింటి గంటకి పదకొండు నిమిషాలకి కీ ఇచ్చి, టక్ టక్ మని బెండకాయలో బీరకాయలో తరుగుతూ ఉండేది. గంట మోగగానే తల ఎత్తకుండా, అయిందిరా తియ్యండి అనేది. వేలసార్లు. చేతులు ఊరుకోవు.

నకలు తల వంచి చొక్కా రెండో గుండీ వైపు చూశాడు. పిన్ను తళతళలాడుతోంది.

బావమరిదికి చెప్పాలా వద్దా అని ఆలోచిస్తున్నాడు. కన్నకొడుకు. ఈ సంగతికి ఏ నియమం వర్తిస్తుందో వెతకడానికే అతనికి ఏడాది పడుతుంది.

"సరే, నా తాళంచెవి ఇచ్చెయ్యి బావా," అన్నాడు బావమరిది చెయ్యి చాపి.

నకలు గబగబా హెడ్‌సెట్ తగిలించుకుని చెయ్యి కుడి జేబు వైపు పోనిచ్చాడు. జేబు లేదు. కోటు లేదు. వెనక గదిలో బొమ్మ ఆ కోటు తొడుక్కుని పెద్దమనిషిలా నిలబడి ఉంది. దాని పొట్ట మీద, తను చదవకుండా సరే నొక్కిన అక్షరాలు ఇంకా అలాగే ఉన్నాయి. ఈసారి చదివాడు. "ఈ కోటునూ, ఇందులో ఉన్న సమస్తాన్నీ అప్పగిస్తున్నారా?"

హెడ్‌సెట్ తీసేశాడు. చొక్కా జేబులో ఫోను ఒక్కసారి వణికింది. అత్తగారి నుంచి మెసేజ్. ఆవిడ నుంచి అతనికి వచ్చిన మొట్టమొదటి మెసేజ్ అదే. ఆవిడకి టైపు చెయ్యడం రాదని ఇంటిల్లిపాదీ ప్రమాణం చేసి చెబుతారు.

"కోటు బాగుంది బాబూ. కుడి జేబులో ఉన్నది ఇంకా బాగుంది. వాణ్ణి కూడా భోజనానికి తీసుకురా."

"ఎవరు బావా?" అన్నాడు బావమరిది. చాపిన చెయ్యి అలాగే ఉంది.

నకలు నోరు తెరిచేలోపు, కుట్టుమిషన్ పక్కన హెడ్‌సెట్‌తో కూర్చున్న టైలరక్క మాట్లాడింది. కంగారేమీ లేదు, కిటికీలోంచి వాన చూసి చెప్పినట్టు చెప్పింది.

"తమ్ముడూ, నా దుకాణం తలుపు నేను తీసుకున్నాను. వీధిలో మిగతా తలుపులన్నీ ఎవరు తీస్తున్నారు?"